మన్యమువారి యడవి తిండి



నేను చోడవరపువాడను. పూర్వము విశాఖపట్టణము జిల్లాలో నొక తాలూకాకు ముఖ్యస్థానమై, 2022వ సంవత్సరము ఏప్రిలు నెలనుండి అనకాపల్లి జిల్లాలో చేరిన యూరు మాది. మా చెరకుతోటల నడుమ నిలుచుండి వాయవ్యదిశగా చూచినచో మాడుగుల కావల నీలముగా కొండలవరుస కనబడును. ఆ కొండలే మన్యము. అచ్చట బగతలు, కొండదొరలు, వాల్మీకులు, కోదులు, గదబలు, పోర్జాలు, కోటియాలు మున్నగువారు కాపురముందురు. పాడేరు ముఖ్యపట్టణముగా అల్లూరి సీతారామరాజు పేర ఇప్పుడు వారి సీమ వేరొక జిల్లా అయినది. మాకును వారికిని నడుమనున్న దూరము ఒకనాటి ప్రయాణమైనను కాదు. అయినను వారు తిను తిండిని గూర్చి మేము చిన్ననాటినుండి వినినది ఒక్కమాటయే: “కొండవాండ్లు ఆకులలములు తిని బ్రతుకుదురు.”

ఈ మాట నేనును పలుమార్లు పలికినవాడనే. అది తప్పని నాకు తెలిసిన విధము చెప్పుటకే నేడు మాటలాడుచున్నాను. ఆ తెలివి నాకు పుస్తకమువలన రాలేదు, కడుపునొప్పివలన వచ్చినది.

ఇప్పటికి నలువదియేండ్ల క్రిందటి సంగతి. మాఘమాసములో నొకనాడు మాడుగుల సంతకు పోయితిని. ఒక చింతచెట్టు క్రింద ముసలమ్మ యొకతె రెండు గంపలు ముందు పెట్టుకొని కూర్చుండెను. ఒక గంపలో పలుచగా తరిగిన తెల్లని దుంపముక్కలు తడి యోడుచుండెను. రెండవదానిలో మట్టియంటి, పీచువేళ్ళతో నిండిన గుండ్రని దుంపలు కలవు. ముక్కల వెల యెక్కువ. దుంపల వెల తక్కువ. రెండును ఒకటియే గదా, తరుగుటకు కూలి యిచ్చుట యెందులకని తలచి, బేరమాడి దుంపలనే తీసికొంటిని.

“బాబూ, అవి చేదుదుంపలు. ఏటిలో పెట్టనిదే తినకండి. ముక్కలు పట్టుకెళ్ళండి” అని ఆమె చెప్పెను.

“మాకు కంద వండుట తెలియదా యేమి?” అని నవ్వి నా దారిని పోయితిని.

కంద సంగతి మీకందరకును తెలియును. పచ్చికంద నాలుకకు తగిలిన దురద పుట్టును. మన యాడువారు దానిని చింతపండుతో నుడికించి దురద పోగొట్టుదురు. మా అమ్మయు ఆ రాత్రి ఆ దుంపలను అట్లే పులుసు పెట్టెను. అయితే కందలోని దురద పులుపునకు లొంగునుగాని, ఈ దుంపలోని విషము లొంగదు, పులుసులోనే నిలిచియుండును. మొదటి ముద్దకే చేదు తెలిసినది. ఇంటిలోనివారు కొందరు ఉమిసివేసిరి. నేను తెచ్చినవాడను గనుక పంతముకొలది తింటిని. నన్ను చూచి నా తమ్ముడు, పదియేండ్లవాడు, తానును తినెను. గడియ గడువకముందే గొంతు మండెను, తల తిరిగెను, వాంతులు పట్టుకొనెను. నా సంగతి యటుండనిండు. పిల్లవాడు వాంతులైన పిదప పిలిచినను పలుకక మగతగా పడియుండెను. మా అమ్మ వాని తల ఒడిలో పెట్టుకొని రాత్రియంతయు దీపము మలుపక కూర్చుండెను. నన్నొక్క మాటయు అనలేదు. తెల్లవారిన తరువాత వాడు కన్ను తెరచి మంచినీళ్ళడిగెను.

మరుసటి సంతకు నేను కయ్యమునకే పోయితిని. ముసలమ్మ అదే చెట్టు క్రింద నుండెను. నేను చెప్పినదంతయు విని, “ఏటిలో ఎన్ని రాత్రులుంచినారు బాబూ?” అని అడిగెను.

“ఒక్క రాత్రియు ఉంచలేదు.”

“మరి బ్రతికినారు గదా, మంచిదే” అనెను. ఆమె మాటలో ఎగతాళి లేదు. నా తమ్ముడెట్లున్నాడని రెండుసార్లు అడిగి, తెలిసికొనవలెనని యుంటే తమ యూరికి రమ్మనెను. నేను సిగ్గుపడి, ఆ వారములోనే పోయితిని.

కనుమ మొదట, ఏటి యొడ్డున ముప్పదియిండ్ల యూరది. ఆమె దుంపను చేతబట్టుటకు ముందు చేతులకు బూడిద పూసికొనెను. లేనిచో దాని జిగురు చర్మమును మండించునట. తొక్క తీసి, తమలపాకంత పలుచగా తరిగెను. ఎంత పలుచనైన నీరంత లోనికి పోవునని చెప్పెను. ఆ ముక్కలను బూడిదనీటిలో ఉడికించి, ఆ నీటిని మేకలు త్రాగనిచోట పారబోసెను. తరువాత ముక్కలను వెదురుగంపలో పోసి, గంపను ఏటిలో రాళ్ళ నడుమ, నీరు ఒకప్రక్క జొచ్చి మరియొకప్రక్క వెడలునట్లు నిలిపి, పైన బరువు పెట్టెను. నిలువనీరు పనికిరాదు, పారునీరే కావలెను.

“ఎన్ని రాత్రులు?” అని నేనడిగితిని.

“రాత్రులు లెక్కపెట్టితే యెట్లు బాబూ? ఏరు నిండుగా పారితే తొందరగా దిగుతాది. ఎండకు సన్నగిలితే నిదానముగా దిగుతాది” అని ఆమె యొక ముక్క తీసి వ్రేళ్ళనడుమ నలిపి, జిగురున్నదేమో చూచి, నాలుక కొనకు తాకించి, ఉమిసివేసి, మరల గంపలో వేసెను. ఇంకను కాలేదన్నమాట.

ఈ దుంపలోని విషద్రవ్యమునకు రసాయనశాస్త్రజ్ఞులు డయోస్కోరిన్ అని పేరు పెట్టినారు. అది నీటిలో కరగును. అందుచేతనే పలుచగా తరుగుట, అందుచేతనే పారునీరు. ఆ ముసలమ్మ డయోస్కోరిన్ పేరు వినియుండలేదు. కాని దానిని దుంపలోనుండి వెడలగొట్టు మార్గమామెకు తెలియును. పేరు తెలిసిన నాబోటివారికి తెలియదు. ఇంత పనిని ఆకులలములు తినుట యనుట యెట్లు?

ఇచ్చట నొక హెచ్చరిక. ఈ ప్రసంగము విని ఎవరును అడవిదుంప నొకటి త్రవ్వి తెచ్చి వండి చూడవలదు. దుంపలు పలుజాతులు, తీగెను ఆకును చూచి ఇది తీపిది, ఇది చేదుది అని చెప్పగలవారు ప్రక్కనుండవలెను. నా తమ్ముని మగతను తలచుకొని చెప్పుచున్నాను.

దుంపకంటె మన కింకను దగ్గరిది మామిడి. పండు తిని టెంక పారవేయుట మన యలవాటు. మన్యములో టెంకలను ఏరి, ఎండబెట్టి, పగులగొట్టి, లోపలి జీడిని తీసి దాచుకొందురు. అది మిక్కిలి వగరు. ఆ వగరు పోవుటకు దానినిగూడ గంపలలో కట్టి ఏటిలో నుంచి, తరువాత ఎండబెట్టి, దంచి పిండిచేసి అంబలి కాచుదురు. ఆషాఢ శ్రావణములలో పాతగింజ అయిపోయి క్రొత్తపంట చేతికి రాని దినములకు అది ఆధారము. ఇందును ఒక మెలకువ యున్నది: టెంక బాగుగా ఎండవలెను; దాచినచోట చెమ్మ తగులరాదు. చెమ్మ తగిలిన బూజు పట్టును. బూజు పట్టిన జీడిని ఎంత కడిగినను మంచిది కాదు.

ఆ బూజు సామాన్యమైనది కాదు. 2001వ సంవత్సరమున ఒడిషా రాష్ట్రములో, మన మన్యమునకు ఉత్తరముననున్న రాయగడ జిల్లాలో, కాశీపురము ప్రాంతమున కొండజనులు పలువురు మరణించిరి. వారు టెంకపిండి తిని చనిపోయిరని ప్రభుత్వమువారును, కాదు, తినుటకు మరేమియు లేక ఆకలిచేత చనిపోయిరని ఇతరులును వాదులాడిరి. దేశమంతటి పత్రికలలో ఆ వాదము జరిగినది. నాకు తోచినంతవరకు ఆ రెండుమాటలును వేరుకావు. కడుపు నిండినవాడు బూజు పట్టిన టెంకను పారవేయును. ఏటిలో నానుటకు నాలుగుదినములు వేచియుండుటకును ఇంటిలో నాలుగుదినముల కూడు ఉండవలెను గదా. మంచి పద్ధతి తెలిసినవారినిగూడ ఆకలి తొందరపెట్టును.

తిండి దొరకియు, పద్ధతి తెలియక నశించినవారి కథ మరియొకటి కలదు. అది చాల దూరదేశపుది. ఆస్ట్రేలియా ఖండమును దక్షిణమునుండి ఉత్తరమునకు దాటవలెనని బర్క్, విల్స్ అను దొరలు 1860వ సంవత్సరము ఆగస్టులో మెల్బోర్ను నగరమునుండి బయలుదేరిరి. తిరిగి వచ్చుచు, మరుసటియేడు, కూపర్ అను వాగు దరిని సామగ్రి తరిగి చిక్కుకొనిరి. ఆ వాగు ప్రక్కనే యాండ్రువాంధ అను ఆదిమజాతివారు సుఖముగా జీవించుచుండిరి. వారు నార్డూ అను మొక్క కాయలను నూరి తినెదరు. నార్డూ మన మెరుగనిది కాదు. మన వరిమళ్ళలోను చెరువుగట్లలోను నాలుగురేకుల ఆకుతో పెరుగు చిక్కిలింతకూరకు అది అక్కచెల్లెలు. ఆ దొరలును వారిని చూచి ఆ కాయలనే ఏరి, నూరి, తినసాగిరి. కడుపు నిండుచుండెను, కాళ్ళు మాత్రము నానాటికి పడిపోవుచుండెను. 1861 జూను నెల చివర ఆ యిద్దరును మరణించిరి. వారితోడి కింగ్ అను సైనికుడు మాత్రము ఆ జాతివారి గుడిసెలకు పోయి, వారు పెట్టినది తిని, సెప్టెంబరులో తనవారు వెదకుచు వచ్చువరకు ప్రాణములతో నుండెను.

ఒకే కాయ తిని వారేల చనిపోయిరి, వీరేల బ్రతికిరి? ఆ కాయలో మన దేహమునకు కావలసిన బి-1 అను విటమినును పాడుచేయు పదార్థము కలదు. యాండ్రువాంధ స్త్రీలు నూరునప్పుడు నీరు విరివిగా చేర్చుచు ఆ దోషమును తగ్గించుకొనుచుండిరనియు, దొరలు ఆ మెలకువను విడిచిరనియు శాస్త్రజ్ఞులు 1994లో నొక వ్యాసమున వివరించిరి. బర్క్ దొర ఆ జాతివారిని దగ్గరకు రానీయక తుపాకి కాల్చి బెదరించినవాడని చరిత్రలో నున్నది. నేను బేరమాడి నవ్వితిని, ఆయన తుపాకి కాల్చెను, అంతే భేదము. అందుచేత ఆ కథ చదివినప్పుడెల్ల నాకు మాడుగుల సంత జ్ఞప్తికి వచ్చును.

విషమున్నవే చెప్పి మిమ్ము బెదరించుట నా యుద్దేశము కాదు. మన్యపు తిండిలో నూటికి తొంబది నేరుగా రుచియైనవే. తంటెపాకు, పొన్నగంటి, చెంచలి, కొండపిండియాకు మన పెరళ్ళలోనివే. మన యమ్మమ్మలు వండినవే, మన కోడండ్రు కలుపుమొక్కలని పీకివేయునవే. ఇప్పపూవులు ఎండకాలపు మొదట తెల్లవారుజామున రాలును. పిల్లలు ఏరి తెత్తురు. ఎండిన పిదప ఉడికించిన బెల్లమువలె నుండును. బెల్లపు సీమవాడను నేనే చెప్పుచున్నాను, తక్కువగా తలచకుడు. తుమికిపండ్లు, మొర్రిపండ్లు, నేరేడు, పనస సరేసరి. అడ్డాకు మనకు విస్తళ్ళకే తెలియును. పెండ్లిలో దానిపై తిని లేచుదుముగాని ఆ తీగె కాయ నెన్నడైన చూచితిమా? పొడుగైన, చెక్కవంటి కాయ. నిప్పుసెగ చూపిన పగులును. లోపలి పిక్కలను కాల్చి తినెదరు. ఆ ముసలమ్మ నా చేతిలో గుప్పెడు పెట్టెను. వేయించిన జీడిపప్పునకు తీసిపోవు.

తొలకరికి మొలచు వెదురుకొమ్ములను కోసి, సన్నగా తరిగి, చేదునీరు పారబోసి కూర వండుదురు. అందును కొంత విషము కలదు, ఉడికించిన పోవును. పచ్చివెదురు బొంగులోనే కోడిమాంసమును, ఉప్పుకారములు పట్టించి, కూరి, మూతికి ఆకులు బిగించి, నిప్పులపై త్రిప్పుచు కాల్చుదురు. నూనె లేదు, కుండ లేదు. బొంగులోని పచ్చదనపు నీటితోనే మాంసము ఉడుకును. పొలములోనో అడవిలోనో వంటపాత్ర లేనిచోట ఇంతకంటె తగిన యుపాయమేమి? ఇప్పుడు అరకు పోవు యాత్రికులు దానినే బొంగు చికెన్ అని వెలపెట్టి కొనుచున్నారు. చెట్ల ఆకులు కుట్టి గూడు కట్టు ఎఱ్ఱచీమలను గ్రుడ్లతోకూడ నూరి పచ్చడి చేయుదురు. ఇది విని మీలో కొందరు ముఖము చిట్లించుచున్నారని నాకు తెలియును. ఒడిషాలోని మయూరభంజము వారి ఎఱ్ఱచీమల పచ్చడికి 2024 జనవరిలో ప్రభుత్వమువారి భౌగోళిక గుర్తింపు లభించినది. తొలివానకు దీపము చుట్టు ముసురు ఉసుళ్ళను వేయించుకొని తినువారు మన పల్లెలలోనే కలరు, వారు చిట్లించుకొనరు.

గోదావరి మన్యములోని కొండరెడ్లు జీలుగుచెట్టునుండి కల్లేగాక పిండియును తీయుదురు. చెట్టును పడగొట్టి, చీల్చి, లోని గుజ్జును దంచి, నీటిలో కడిగి, అడుగున తేరిన పిండిని ఎండబెట్టి అంబలికి వాడుదురు. ఇట్టి చెట్టుపై పన్ను వేయుట వారి నోటికాడి కూటిపై పన్ను వేయుటయే. 1879లో రంపసీమలో పితూరీ చెలరేగుటకు చిగురుపన్ను అను కల్లుపన్ను ఒక ముఖ్యకారణము. తరువాత 1882లో మద్రాసు అడవుల చట్టము వచ్చి పోడునకును అడవి ఫలములకును అడ్డుపడినది. ఆ అడవుల కట్టుబాట్ల బాధయే 1922లో అల్లూరి సీతారామరాజు వెంట జనులు నడచుటకు హేతువులలో నొకటి. స్వరాజ్యము వచ్చిన పిదప 1956లో విశాఖపట్టణమున గిరిజన సహకార సంస్థ యేర్పడి, వారు తెచ్చు చింతపండు, తేనె మొదలగువానిని కొనసాగినది. 2006 నాటి అటవీహక్కుల చట్టము ఆ ఫలములపై వారికి స్వామ్యము నిచ్చినది. వేట మాత్రము 1972 చట్టమువలన నిషిద్ధము. చైత్రమున ఇటుకల పండుగనాడు అడవికి పోవు ఆచారము పేరునకు మిగిలినది.

హక్కు కాగితముమీద వచ్చినది. చెట్టును ఏరును అచ్చటనే యున్నవి. తగ్గినది నడుమనున్న మెలకువ. 1983లో రెండురూపాయల బియ్యము వచ్చినది మొదలు మన్యములోను వరియన్నము నిత్యమైనది. సామలు, కొర్రలు, చోళ్ళు వెనుకబడినవి. దీనిని నేను తప్పుపట్టను. ఆషాఢమాసపు ఆకలి నెరుగనివాడు బియ్యము వద్దని చెప్పుట సులభము. పట్టణములలో చిరుధాన్యములని సంచులకు రంగుకాగితము లంటించి అమ్ముచున్నవారి మాట వేరు. కాని వాన వచ్చి కనుమదారి తెగి, బియ్యపుబండి రాని వారమొకటి యుండును. ఆ వారము మరల గునపము అడవికి పోవును. అప్పుడు సగము తెలిసినవారు దుంప తరిగినచో నేను చేసిన పనియే జరుగును. నాకైతే పదిమైళ్ళలో ఆసుపత్రి యుండినది.

పోయిన మాఘమున ఆ యూరికి మరల పోయితిని. ఇప్పుడు ఊరివరకు బండిబాట కలదు. నాటి ముసలమ్మ పోయి చాలయేండ్లయినది. ఆమె కూతురు నాడు పిల్లనెత్తుకొని ఏటిగట్టున నిలిచినది, ఇప్పుడు తలయంతయు నెరసి, అదే అరుగుపై కూర్చున్నది. చేదుదుంప త్రవ్వుచున్నారా యని అడిగితిని. “బియ్యముండగా ఏటికెవరు పోతారు బాబూ? మా ఇంట నేనొక్కతెనే. ఈ పిల్లకు తెలీదు” అని ప్రక్కనున్న మనుమరాలిని చూపెను. పదునారేండ్ల పిల్ల, ఆశ్రమపాఠశాలలో చదువుకొని సెలవులకు వచ్చినది. చేతిలో నోటుపుస్తకము కలదు.

నా కడుపునొప్పి కథ చెప్పగా ఆ పిల్ల పకపక నవ్వినది. నా తమ్ముని సంగతి చెప్పునప్పటికి నవ్వు మానినది. “నేను వ్రాసుకొందును, చెప్పమ్మమ్మా” అని పుస్తకము తెరచినది. తొక్క తీయుట, తరుగుట, బూడిద, గంప అన్నియు వరుసగా వ్రాసినది. తరువాత, “ఎన్ని రాత్రులు?” అని అడిగినది. ముసలమ్మ ఉలుకలేదు, పలుకలేదు. పిల్ల కొంతసేపు చూచి, “మూడు” అని తానే వ్రాసినది. ముసలమ్మ అరుగు దిగి, గోడకు వ్రేలాడుచున్న గంపను తీసికొని, కఱ్ఱ ఊతగా ఏటివైపు నడచినది. పిల్ల వ్రాసినదానిని కొట్టివేసి, పుస్తకమును అరుగుమీద బోర్లించి, గంపను అమ్మమ్మ చేతినుండి తాను తీసికొని ఆమె వెంట పోయినది.